కింద అర్థం వేయని మాట

ఖర నామ సంవత్సరంలో చదివినట్టు నేను అంతకుముందెప్పుడూ చదవలేదు. ఖర అంటే గాడిద అని మా పాఠక సంఘం అధ్యక్షులు నరసింహమూర్తిగారే చెప్పారు. బాగానే కుదిరింది. గాడిద చాకిరీ చేసిందీ ఆ ఏడాదే, చదివిందీ ఆ ఏడాదే. ఆ చదువు గురించి నేను రాసిన వ్యాసంలో ఒక్క మాట పట్టుకుని, నేను అసలు పుస్తకమే చదవలేదని ఉప్పల్ పెద్దమనుషులు తేల్చేశారు. తర్వాత, మాట మారిస్తే అచ్చు వేస్తామన్నారు. నేను మార్చలేదు. మొండిదాన్ని అన్నారు. అవును, మొండిదాన్నే.

నా పేరు దుర్గాభవాని. నాచారం మెయిన్ రోడ్డు మీద నుంచి లోపలికి తిరిగే సందులో నాకు చిన్న బ్యూటీ పార్లర్ ఉంది. రెండు కుర్చీలు, ఒక పెద్ద అద్దం, ఫేషియల్ చేయడానికి తెర వెనక ఒక బల్ల. మా అమ్మ కౌసల్యమ్మ ఒక మూల కూర్చుని గోరింటాకు కలుపుతుంది, వచ్చిన వాళ్ల తలలకు నూనె పెడుతుంది, అడగకపోయినా వాళ్ల సంసారాలకు సలహాలిస్తుంది. నా భర్త దయాకర్ ప్లాస్టిక్ డబ్బాలు చేసే కంపెనీలో సూపర్‌వైజరు. ఆయన పుస్తకం పట్టుకుంటే నిద్రకే. ఆ సంగతి ఆయనే గర్వంగా చెప్పుకుంటాడు.

పాఠక సంఘం ఉప్పల్‌లో ఒక కాలనీ కమ్యూనిటీ హాలులో నడుస్తుంది. రెండు బీరువాల పుస్తకాలు, నెలకో ఆదివారం సమావేశం. సభ్యుల్లో ఎక్కువమంది గుంటూరు, కృష్ణా, గోదావరి జిల్లాల నుంచి ఉద్యోగాలకు వచ్చి ఇక్కడే ఇళ్లు కట్టుకున్నవాళ్లు. రిటైరైన గుమాస్తాలు, టీచర్లు, బ్యాంకు వాళ్లు. నన్ను అందులో చేర్పించింది నరసింహమూర్తిగారి భార్య త్రిపురసుందరిగారు. ఆవిడ కనుబొమలకు త్రెడింగ్ చేయించుకోవడానికి మా దగ్గరికి వస్తారు. ఒకరోజు నా కుర్చీలో చిరిగిపోయిన డిటెక్టివ్ నవల చూసి, "ఇలాంటివి కాదు భవానీ, మంచి పుస్తకాలు చదువుదువుగాని రా" అన్నారు. వెళ్లాను. ఆ డిటెక్టివ్ నవలను మాత్రం వదల్లేదు.

దాని చివరి పేజీలు లేవు. హంతకుడెవరో తెలియక నాకు రెండు రోజులు అన్నం సహించలేదు. అప్పటి నుంచి కుర్చీలో కూర్చున్న ప్రతి ఒక్కరికీ కథ చెప్పి, ఎవరు చంపి ఉంటారని అడిగేదాన్ని. పళ్ల మధ్య దారం పట్టుకుని కథ చెప్పడం కష్టమే, అలవాటైంది. కాపురం చేసే ఆడవాళ్లంతా భర్తే చంపాడన్నారు. పెళ్లి కాని పిల్లలు అత్తగారన్నారు. పోచారం సాఫ్ట్‌వేర్ క్యాంపస్‌లో పనిచేసే గీతిక అనే అమ్మాయి మాత్రం, చనిపోయినామే నాటకమాడుతోంది ఆంటీ, ఎక్కడో హాయిగా ఉంది అంది. నాకు ఆ జవాబే నచ్చింది. నా మట్టుకు ఆ నవల అలాగే ముగిసింది.

బీరువా పుస్తకాలు చదివాను. తెలుగులోకి తెచ్చిన ఒక లావుపాటి విదేశీ నవల ఇచ్చారు. అందులో ఒక్కొక్కరికి మూడు పేర్లు, ఎప్పుడూ మంచు కురుస్తూనే ఉంటుంది, ఒక్కరికీ పనుండదు. సగం దాకా తిట్టుకుంటూ చదివాను. మిగతా సగం ఏడుస్తూ చదివాను. పనిలేని వాళ్లకు కూడా దుఃఖముంటుందని ఆ పుస్తకం చెబితే తప్ప నాకు తెలియలేదు. కవిత్వం ఇచ్చారు. కొంత అర్థమైంది, కొంత కాలేదు. కానిదాన్ని అర్థమైనట్టు తల ఊపలేదు, అందుకు కొందరికి కోపం వచ్చింది.

బయటివి కూడా చదివాను. ఆబిడ్స్ ఫుట్‌పాత్ మీద దొరికిన పాముల పుస్తకం ఒకటి. చాలా పాములకు విషమే ఉండదని అందులో రాశారు. ధైర్యం నూరిపోసే పుస్తకాలన్నీ కలిసి ఇవ్వని ధైర్యం ఆ ఒక్క పుస్తకం ఇచ్చింది. అప్పటి నుంచి బుసకొట్టే మనుషులను చూసినా నాకు అదే గుర్తొస్తుంది. నిమ్మకాయతో తగ్గని జబ్బే లేదనే పుస్తకం ఒకటి చదివాను. నిమ్మకాయ మా పార్లర్‌లో కూడా ఉంది, అంత గౌరవం దానికి మేమెవరమూ ఇవ్వలేదు. తెల్లవారుజామున నాలుగింటికి లేచినవాళ్లే గొప్పవాళ్లవుతారని మరో పుస్తకం. మా సందులో నల్లా నీళ్లు వచ్చేదే నాలుగింటికి. ఆ లెక్కన మా నాచారం ఆడవాళ్లంతా ఎప్పుడో మంత్రులైపోవాలి.

ఆ ఏడాది సమ్మె వచ్చింది. తెలంగాణ ఇవ్వాలని అందరూ పనులు ఆపేశారు. బస్సులు లేవు, బడులు లేవు, కరెంటు వచ్చినప్పుడు వచ్చింది. రోడ్డు మీద వంటలు, ఆటలు, పాటలు. కనుబొమలు దిద్దించుకునే తీరిక ఎవరికీ లేదు. పొద్దున పోయి రోడ్డు మీద కూర్చునేదాన్ని, మధ్యాహ్నం వచ్చి షట్టర్ సగం దించుకుని చదివేదాన్ని. అప్పుడే గడియారాలాయన నవల చదివాను. ఈ గొడవంతా దాని వల్లే.

ఆ నవలలో ఒక చిన్న పట్నంలో గడియారాలు బాగుచేసే ముసలాయన ఉంటాడు. ఊళ్లో అందరి గడియారాలూ నడిపిస్తాడు గానీ ఇంట్లో ఆయన మాట నడవదు. కొడుకులు దుకాణం అమ్మేస్తారు. చివరి పేజీలో ఇంకా చీకటి ఉండగానే లేచి, తలుపు తీసి, బయటికి అడుగు పెడతాడు. తెల్లారి చూస్తే తలుపు బార్లా తెరిచి ఉంటుంది. చెప్పులు గడప దగ్గరే ఉంటాయి. అంతటితో నవల ఐపోతుంది. నేను పుస్తకం మూసి, ఆ ముసలాయన్ని నోటికొచ్చినట్టు తిట్టాను. అమ్మ గోరింటాకు కలపడం ఆపి, "ఎవర్ని తిడ్తున్నవే?" అంది. పుస్తకంలో వాణ్ని అన్నాను.

ప్రతి ఉగాదికి ముందు ఆదివారం మా సంఘం వార్షికోత్సవం. ఆ ఏడాది చదివిన పుస్తకాల గురించి సభ్యులు వ్యాసాలు రాసివ్వాలి. పెద్దలు వాటిలో కొన్ని ఎంచి సభలో చదివిస్తారు, తర్వాత చిన్న సంచికగా అచ్చు వేస్తారు. సంచికను జిల్లాల్లోని లైబ్రరీలకు కూడా పంపిస్తారు. ఆ చివరి సంగతి వినే నేను రాయడానికి కూర్చున్నాను.

నాకు అచ్చులో వాడే తెలుగు రాదని ఎవరూ అనుకోవద్దు. బడిలో నేర్చుకున్నాను, డిగ్రీలో రాశాను, ఇప్పుడు మీకు చెబుతున్నదీ ఆ తెలుగులోనే. వ్యాసమంతా అలాగే రాశాను. గడియారాలాయన దగ్గరికి వచ్చేసరికి మాత్రం చెయ్యి వినలేదు. ఇలా రాశాను: "తెల్లవారకముందే ముసలాయన ఎవరికీ చెప్పకుండా పోయిండు. చెప్పులు కూడా వేసుకోలేదు. ఇంట్లోవాళ్లు ఏడ్చారో, పీడ వదిలిందనుకున్నారో రచయిత చెప్పలేదు. ఆయన మీద నాకు ఇప్పటికీ కోపమే."

వారం తర్వాత నా వ్యాసం తిరిగి వచ్చింది. ఆ నాలుగు వాక్యాల పక్కన ఎర్ర సిరాతో గుండ్రటి అక్షరాల్లో రాసి ఉంది: "నవలలో వృద్ధుడు మరణించలేదు. చదివి రాయవలెను."

చదివి రాయవలెనట. నా ఒళ్లు మండిపోయింది. ఆ ఏడాదంతా ఒక చేత్తో దారం, ఒక చేత్తో పుస్తకం పట్టుకుని బతికినదాన్ని. కస్టమరు కుర్చీలో ఉండగానే వ్యాసం చదివేసరికి ఆమె కుడి కనుబొమ మీద నాలుగు వెంట్రుకలు ఎక్కువే పోయాయి. ఆమెకు సారీ చెప్పి, షట్టర్ అమ్మకు అప్పజెప్పి, ఆటో ఎక్కి ఉప్పల్ వెళ్లాను.

కమ్యూనిటీ హాలులో నరసింహమూర్తిగారు, కార్యదర్శి విజయభాస్కర్‌గారు కూర్చుని సభకు ఏర్పాట్లు మాట్లాడుకుంటున్నారు. త్రిపురసుందరిగారు బీరువాలో పుస్తకాలు సర్దుతున్నారు. నేను వ్యాసం బల్ల మీద పెట్టాను.

"నేను చదవలేదని ఎట్లంటరు సార్?"

మూర్తిగారు మర్యాదస్థుడు. కళ్లజోడు తీసి తుడుచుకుని, నెమ్మదిగా అన్నారు. "కోప్పడకండి అమ్మా. మీ వ్యాసం బావుంది. ఆ పాముల పుస్తకం దగ్గర నేను నవ్వాను కూడాను. కానీ నవల చివర్లో ఆయన పోయాడని రాశారే, అది తప్పు కదా?"

"పోయిండు గద సార్."

"ఎక్కడ పోయాడండీ? తలుపు తీసుకుని వెళ్లాడు. పోలేదు."

"తలుపు తీస్కొని పోయిండనే గద సార్ నేను రాసింది."

"అదేనమ్మా నేననేదీ. వెళ్లాడు. పోలేదు."

"ఎల్లినోడు పోయినట్టు గాదా సార్?"

బీరువా దగ్గర నుంచి త్రిపురసుందరిగారు పకపకా నవ్వారు. "ఏవండీ, భవాని వాళ్ల మాటలో పోయిండంటే వెళ్లాడని. మీరు మన పోవడం అనుకుంటున్నారు."

మూర్తిగారు ఒక్క క్షణం నా వైపు, ఒక్క క్షణం ఎర్ర సిరా వైపు చూశారు. ఆయన చెవులు ఎర్రబడ్డాయి. "అయ్యో, అదా సంగతి" అన్నారు. నిజంగానే నొచ్చుకున్నారు. నా కోపం అక్కడితో పోవాల్సింది. విజయభాస్కర్‌గారు ఊరుకుంటేగా.

"ఇప్పుడలా సర్దుకోవడం తేలికే లెండి" అన్నారాయన పక్కకు చూస్తూ. "వ్యాసమంతా శుభ్రమైన తెలుగులో రాసినావిడ ఆ ఒక్క చోటే ఆ మాట ఎందుకు రాసినట్టు?"

"నా ఇష్టం సార్."

"ఇష్టమైతే కుదరదండీ. అన్ని జిల్లాల వాళ్లు చదివే సంచిక. వెళ్లిపోయాడు అని దిద్దేద్దాం. ఒక్క మాటేగా."

"ఒక్క మాటే అయితే మీరెందుకు పట్టు పడ్తున్నరు?"

"తాను పట్టిన కుందేలుకు మూడే కాళ్లన్నట్టుంది మీ వరస" అన్నారాయన.

"నా కుందేలు సార్. కాళ్లు నేను లెక్కపెట్టుకుంట."

మూర్తిగారు చెయ్యెత్తి ఇద్దరినీ ఆపారు. ఆయనకు సభ సవ్యంగా జరగాలి, రోజులు అసలే బాగాలేవు, సంఘంలో ఇటువాళ్లు అటువాళ్లు అనే మాట రాకూడదు. "ఆ మాట మారిస్తే సభలో చదవండి, సంచికలో వేద్దాం. లేదంటే ఈసారికి ఆపుదాం. మీరే ఆలోచించుకోండమ్మా" అన్నారు. బతిమాలినట్టే అన్నారు. బతిమాలుతూ కూడా మనిషిని బయటికి పంపవచ్చని ఆ రోజు చూశాను.

ఇంటికొచ్చి చెబితే దయాకర్ తల పట్టుకున్నాడు. "ఒక్క మాటకు గింత లొల్లి ఎందుకే? గాయన ఎల్లిపోయిండని రాస్తే నీదేం పోతది?"

"నాదే పోతది" అన్నాను. ఆయనకు సంగతి తెలుసు.

ఆ సంగతి మీకూ చెప్పాలి. మా బాపు రామస్వామి నాచారంలోనే ఒక కంపెనీలో పనిచేసేవాడు. నేను ఐదో తరగతిలో ఉండగా దానికి తాళం పడింది. బాపుకు పేపరు చదివే అలవాటు. అమ్మకు చదువు రాదు కాబట్టి రోజూ పొద్దున అరుగు మీద కూర్చుని పెద్దగా చదివి వినిపించేవాడు. కంపెనీ మూతపడ్డాక ఒకరోజు పేపరు చదవలేదు. మర్నాడు మనిషే లేడు. బొంబాయి దగ్గర భీవండి మగ్గాల పనికి పోయాడని ఎవరో అన్నారు. ఎవరో సూరత్ అన్నారు.

బడిలో టీచరమ్మ హోంవర్కు ఎందుకు చేయలేదని అడిగింది. "మా బాపు పోయిండు టీచర్" అన్నాను. ఆవిడ విజయవాడ వైపు నుంచి వచ్చింది, మనసు వెన్న. నన్ను దగ్గరికి తీసుకుని కళ్లు తుడుచుకుంది. క్లాసంతటినీ నిలబెట్టి మౌనం పాటించమంది. పిల్లలంతా తలలు దించుకుని నిలబడ్డారు. ఎందుకో తెలియక నేనూ నిలబడ్డాను. నా పక్క పిల్ల నాకో చాక్లెట్ కూడా ఇచ్చింది.

ఇంటికి వెళ్లి, బాపు కోసం అందరూ నిలబడ్డారని అమ్మకు గొప్పగా చెప్పాను. మర్నాడు అమ్మ కొంగు నడుముకు చుట్టి బడికి వచ్చింది. "నా బిడ్డ పోయిండని చెప్పింది. సచ్చిండని చెప్పలే. పోయినోడు రేపొస్తడు. సచ్చినోడు వస్తడా? నిలవడి దండం పెట్టనీకి నా మొగడేమన్న పటంల ఉన్నడా?" అని టీచరమ్మను నిలదీసింది. పాపం, ఆవిడ చేతులు పట్టుకుని తప్పయిందంది.

బాపు మళ్లీ రాలేదు. ఉత్తరం లేదు, కబురు లేదు. చనిపోయాడని చెప్పినవాళ్లూ లేరు, చూశామని చెప్పినవాళ్లూ లేరు. మా చిన్నాయన ఒకసారి అమ్మను బొట్టు తీయమన్నాడు. అమ్మ ఆయనకు ఆ రోజు నుంచి మా ఇంట్లో మంచినీళ్లు కూడా ఇవ్వలేదు. ఇప్పటికీ రూపాయి బిళ్లంత బొట్టు పెట్టుకుంటుంది, కాళ్లకు మట్టెలు ఉన్నాయి. మా ఇంట్లో బాపు గురించి ఎవరడిగినా ఒకటే జవాబు. పోయిండు. ఆ మాట సగం తలుపు తెరిచి ఉంచుతుంది. వెళ్లిపోయాడు అని రాస్తే ఎక్కడో బతికే ఉన్నాడని నేను మాటివ్వాలి. చనిపోయాడు అని రాస్తే అమ్మ బొట్టు మీద చెయ్యి వేయాలి. రెండూ నా వల్ల కాదు. నవలలో ముసలాయన ఏమయ్యాడో రాసినాయనకే తెలియదు, చెప్పులు గడప దగ్గర పెట్టి ఊరుకున్నాడు. అలాంటి మనిషికి నా దగ్గర ఉన్న మాట అదొక్కటే.

ఇదంతా మూర్తిగారికి చెబితే జాలిపడి వెంటనే ఒప్పుకునేవారు. అందుకే చెప్పలేదు. నా మాట నా మాట కాబట్టి నిలవాలి. మా బాపును చూపించి అడుక్కుంటే నిలవడం కాదు.

సభ రోజు అమ్మను కూడా తీసుకుని వెళ్లాను. హాలు నిండా మడత కుర్చీలు, వేదిక మీద మామిడాకుల తోరణం, వెనక స్టీలు గంగాళంలో ఉగాది పచ్చడి. ఉగాదికి ముందే పచ్చడేమిటని అమ్మ గొణిగింది. నా పేరు పిలిచే పట్టికలో లేదు. విజయభాస్కర్‌గారు పిలవాల్సిన వాళ్లందర్నీ పిలిచారు. ఒకాయన చదివిన పుస్తకాలన్నిటికీ పేజీల సంఖ్య చెప్పాడు. ఇంకొకాయన తాను చదవని పుస్తకాలను ఎందుకు చదవలేదో చెప్పాడు, చప్పట్లు కొట్టారు. ఇంకెవరైనా మాట్లాడతారా అని విజయభాస్కర్‌గారు అలవాటుగా అడిగారు, అలాంటప్పుడు ఎవరూ లేవరని ఆయన ధీమా. నేను లేచాను.

మైకు దగ్గరికి వెళ్లి, ఎర్ర సిరా ఉన్న ఆ కాగితాలే తీసి చదివాను. నాలుగింటి నల్లా నీళ్ల దగ్గర ఆడవాళ్లు నవ్వారు. పాముల దగ్గర మూర్తిగారు మళ్లీ నవ్వారు. గడియారాలాయన దగ్గరికి వచ్చేసరికి ముందు వరుసల వాళ్లు నిటారుగా సర్దుకుని కూర్చున్నారు, కబురు ముందే పాకినట్టుంది. "తెల్లవారకముందే ముసలాయన ఎవరికీ చెప్పకుండా" అని చదివి, తలెత్తి చూసి, "పోయిండు" అన్నాను. గట్టిగానే అన్నాను.

ముందు వరుసలో ఎవరో, "వెళ్లిపోయాడమ్మా, వెళ్లిపోయాడు" అని అందించారు, పిల్లకు పద్యం అందించినట్టు.

"పోయిండు" అన్నాను మళ్లీ. "నవల మీరు కూడ చదివిన్రు గద సార్. ఆయన వెళ్లిపోయి ఎక్కడన్న బతికిండా, ఆ తెల్లారే చెరువుల పడ్డడా? ఏ పేజీల ఉన్నది? చెప్పున్రి, దిద్దుకుంట."

చెప్పడానికి పుస్తకంలో లేదు. విజయభాస్కర్‌గారు మైకు వైపు రెండడుగులు వేసి ఆగారు. నేను మిగతా వ్యాసం పూర్తిచేసి, దిగి వచ్చి అమ్మ పక్కన కూర్చున్నాను. చప్పట్లు వెనక వరుసల్లో మొదలయ్యాయి, ముందుకు రావడానికి కొంచెం టైం పట్టింది.

పచ్చడి పంచుతుంటే మూర్తిగారు స్వయంగా మా దగ్గరికి వచ్చారు. నా చేతిలో కాగితాలు అడిగి తీసుకున్నారు. "వేద్దామమ్మా. మీరు రాసినట్టే వేద్దాం" అన్నారు. విజయభాస్కర్‌గారు ఆయన వెనకే వచ్చి నిలబడ్డారు, మొహం చేదుగా ఉంది, పచ్చడిలో వేపపువ్వు ఎక్కువైందేమో. "ఒక్కటి మాత్రం" అన్నారు మూర్తిగారు. "చదివేవాళ్లు నాలాగే పొరబడకుండా, పేజీ కింద చిన్న అక్షరాల్లో అర్థం వేస్తాను. మాట పైన చుక్క పెట్టి."

"అట్లయితే మీ వ్యాసానికి కూడ వేయాలె సార్" అన్నాను.

"నాకెందుకమ్మా?"

"వెళ్లాడు పైన చుక్క పెట్టి, కింద పోయిండు అని వేయున్రి."

ఆయన నవ్వారు. "వెళ్లాడంటే తెలియని వాళ్లెవరుంటారండీ?"

"మాకు తెలుసు సార్. బడిల కొట్టి నేర్పిన్రు. మీ మాటలన్ని మేం నేర్చుకున్నం, కింద అర్థం లేకుంటనే. మా మాట ఒక్కటి మీరు నేర్చుకోరా?"

మూర్తిగారి నవ్వు ఆగింది. ఆయనకు కోపం రాలేదు. వస్తే బాగుండేది, నాకు పోట్లాడటం తేలిక. ఆయన నిజంగా ఆలోచిస్తూ, జేబులోంచి కలం తీసి, నా కాగితం అడుగున ఒక గీత గీసి అడిగారు. "సరే, నా తృప్తి కోసం చెప్పండి. మీరన్నట్టు నవలలో లేదు. మరి కింద వేస్తే ఏ అర్థం వేయమంటారు? వెళ్లాడనా, గతించాడనా?"

నేను నోరు తెరిచే లోపు అమ్మ లేచి నిలబడింది. అప్పటిదాకా ఆమె ఎవరో కూడా ఆ ఇద్దరు పెద్దమనుషులకు తెలియదు. పచ్చడి కప్పు కుర్చీలో పెట్టి, కొంగుతో మూతి తుడుచుకుంది.

"పోయిండంటే పోయిండు సారూ" అంది. "నా పెనిమిటి గట్లనే పోయిండు. గిప్పటిదాంక ఏ దిక్కు పోయిండో నాకే ఎరుక లేదు. కింద నువ్వేమని రాస్తవు?"

మూర్తిగారు అమ్మ మొహం వైపు చూశారు. ఆ బొట్టు వైపు చూశారు. కలం మూత పెట్టి జేబులో పెట్టుకున్నారు. విజయభాస్కర్‌గారు నేల చూపు చూశారు. త్రిపురసుందరిగారు వచ్చి అమ్మ భుజం మీద చెయ్యి వేయబోతే అమ్మ పక్కకు జరిగి, "గీ పచ్చడిల బెల్లం తక్కువైంది" అంది. జాలి చూపిస్తే ఆమెకు పడదు.

సంచిక ఎండాకాలంలో వచ్చింది. మాట పైన చుక్క లేదు, పేజీ కింద చిన్న అక్షరాలు లేవు. త్రిపురసుందరిగారు కాపీ తెచ్చి ఇచ్చి, కుర్చీలో వెనక్కి వాలి కళ్లు మూసుకున్నారు. నేను దారం పళ్ల మధ్య పెట్టుకునేలోపే అమ్మ గోరింటాకు చేతులు కడుక్కుని వచ్చింది.

"ఏది, సూపియ్యి."

పేజీ తీసి, వేలు పెట్టి చూపించాను. అమ్మ వంగి, ఆ మాట మీద వేలు అటు నుంచి ఇటు ఒకసారి నడిపింది.

"గింత లొల్లి జేసింది గిదేనా?"

"గిదే."

"ఇగ దీన్ని ఎవ్వలు దిద్దరు గదా?"

"దిద్దరమ్మా. అచ్చయింది. అన్ని లైబ్రరీలకు పోతది."

అమ్మ పుస్తకం మూసి, గోడకున్న చిన్న అలమరలో, తన దువ్వెన పక్కన పెట్టింది. కస్టమర్లెవరూ ముట్టుకోవద్దని నాకు చెప్పింది.

"వచ్చినంక సూపిస్త" అంది. "ఆయనకు సదువొచ్చు."